వలి బాషా పేరున నీళ్ల కార్డు

ప్రొద్దుటూరు,
ఏప్రిల్ 8.

సుబ్బమ్మక్కకు జైబున్నీసా సలాము.

ఉత్తరం చూడగానే ఎవరికో ఏదో అయిందని గుండె పట్టుకోవద్దు. ఎవరికీ ఏమీ కాలేదు. అయ్యేటట్టుంది గానీ ఇంకా కాలేదు. ఫోనులో చెబుదామంటే నా చెవుల్లో గుయ్యిమనే శబ్దం తప్ప మనిషి మాట దిగడం లేదు. అందుకని రాస్తున్నాను. జమ్మలమడుగు బడిలో అయిదో తరగతి దాకా నీ పక్కన కూర్చుని దిద్దిన రాత ఇది. తప్పులుంటే నువ్వు నవ్వుకో, ఇంకెవరికీ చూపించవద్దు.

మా ఆయన పోయి నాలుగు నెలలైంది కదా. మాలో పోయినవాళ్ల పేరున దప్పిగొన్నవాళ్లకు నీళ్లు పెడితే ఆ సవాబు, అంటే మీరు పుణ్యమంటారే అది, నేరుగా వాళ్లకు చేరుతుందంటారు. మీ చలివేంద్రం లాంటిదే. కుండలు పెడదామనుకున్నాను. రోజూ నింపేదెవరు, గ్లాసు ఎత్తుకుపోతే ఎట్లా, కుండలో దోమలు చేరితే మునిసిపాలిటీవాళ్లు ఏమంటారు అని వారం రోజులు కన్ను మూయలేదు. మా వీధి మొదట్లో, గొర్రెల సంతకు పోయే దారిలో, షరీఫ్ చెప్పుల అంగడికి ఎదురుగా, ఒక నీలం రంగు నీళ్ల మిషను ఉంది. రూపాయి బిళ్ల వేస్తే లీటరు చల్లని నీళ్లు వస్తాయి. కార్డు ఆనించినా వస్తాయి. షరీఫే ఉపాయం చెప్పాడు. "ఖాలా, కార్డు తీసుకుని దారంతో మిషనుకు కట్టేయ్. దప్పిగొన్నోడు ఆనించుకుంటాడు, తాగి పోతాడు. నీకు కుండా లే, దోమా లే" అన్నాడు.

సరేనని రంజాను వెళ్లగానే కార్డు తీసుకుని రెండు వేలు వేయించాను. మిషను మీద 'లీటరు ఒక రూపాయి' అని చెయ్యంత అక్షరాలున్నాయి. అంటే రెండు వేల లీటర్లు. ఎండాకాలం దాటిస్తుందనుకున్నాను. కట్టి పదహైదు రోజులైంది, పన్నెండు వందల పైన ఖర్చయిపోయింది!

మొన్న పొద్దున్నించీ షరీఫ్ అంగడి మెట్టు మీద కూర్చుని చింతపిక్కలతో లెక్క పెట్టాను. ఒక మనిషి కార్డు ఆనిస్తే ఒక పిక్క డబ్బాలో వేశాను. సాయంత్రానికి నలభై మూడు పిక్కలు. షరీఫ్ మిషనులో చూసి చెప్పింది ఎనభై ఆరు రూపాయలు తగ్గిందని. సరిగ్గా సగం ఎవరో కొట్టేశారక్కా. నేను నమాజుకూ అన్నానికీ లేచిన గంటసేపు షరీఫ్ పిక్కలు వేశాడు గానీ, అతను గిరాకీకి చెప్పులు తొడిగే సందులో నలభై మూడు లీటర్లు పట్టుకుపోయారు. ఎంత పద్ధతైన దొంగో చూడు, అన్నదమ్ములు పంచుకున్నట్టు సగానికి సగం.

ఎవరని నేను చెప్పను. కళ్లతో చూడనిదే పేరు ఎత్తితే పాపం. అది అట్లా ఉంచు. మీ తమ్ముడు బాలన్న దగ్గర ఇప్పుడు గొర్రెలు ఎన్ని ఉన్నాయి? ఒక్కొక్కటి ఎన్ని నీళ్లు తాగుతుంది? ఊరికే అడుగుతున్నాను.

నీ చెల్లెలి లాంటి
జైబున్నీసా


జమ్మలమడుగు,
ఏప్రిల్ 12.

జైబూ,

నీ ఉత్తరం వచ్చింది. రెండు వేలు ఖర్చు పెట్టి చింతను కొనుక్కున్నావు. ఆ కుండలే నయం, పగిలితే పగిలాయని తెలుస్తుంది.

బాలన్న దగ్గర నలభై రెండు గొర్రెలున్నాయి. ఈ ఎండలకు ఒక్కొక్కటి బిందెలో సగం తాగుతుంది. ఎందుకు అడిగావు? ఈ వయసులో గొర్రెలు కొంటావా ఏంది? వద్దు. నీకున్న గుబులుకు ఒక గొర్రె తుమ్మినా నువ్వు ఆసుపత్రిలో పడతావు.

వాడు ప్రతి గురువారం గొర్రెల సంతకు ప్రొద్దుటూరు వస్తాడు కదా. వచ్చినప్పుడల్లా బాషా బావ కార్డులో ఒక సీసా పట్టుకుని, "బావ చల్లగా ఉండాల" అనుకుని తాగుతాడట. పోయినోళ్లను చల్లగా ఉండమనడమేందిరా అని నేను నవ్వితే, "మరి వేడిగా ఉండమంటానా" అన్నాడు. ఎవడు దొంగయినా, బాలన్న తాగే ఆ ఒక్క సీసా పుణ్యం మాత్రం బావకు చేరిందనుకో.

చెవికి వేడి నూనె పోసుకోవద్దు. ఎవరు చెప్పినా పోసుకోవద్దు.

పెద్దసుబ్బమ్మ


ప్రొద్దుటూరు,
ఏప్రిల్ 17.

సుబ్బమ్మక్కకు,

నిన్న గురువారం ఇక్కడ ఒక చిన్న మాట అయింది. పెద్దదేమీ కాదు. ఎండకు అందరి తలలూ వేడిగా ఉన్నాయి. నా చెవులు నీకు తెలుసు, అవతలివాళ్లు ఏమన్నారో సగం వినపడదు, వినపడని సగం నేనే కల్పించుకుంటాను.

బాలన్న ఇంటికి వచ్చి అన్నం తిన్నాడా? ఏమన్నా చెప్పాడా? చెప్పకపోతే నువ్వు అడగవద్దు. చెప్పి ఉంటే కోపంలో చెప్పిన మాటని సగమే నమ్ము.

కార్డు నిన్నటితో పూర్తిగా ఖాళీ అయిపోయింది. దారానికి ఊరికే వేలాడుతోంది. పోయేవాళ్లు ఆనించి ఆనించి నా వైపు చూసి పోతున్నారు.

జైబున్నీసా


జమ్మలమడుగు,
ఏప్రిల్ 21.

జైబున్నీసా గారికి,

గారు అని రాసినందుకు ఆశ్చర్యపోవద్దు. నా తమ్ముణ్ణి సంతలో దొంగ అన్న మనిషిని జైబూ అని పిలవడానికి నోరు రాలేదు.

వాడు గురువారం ఇంటికి వచ్చి అన్నం తినలేదు. శనివారం పొద్దున గొర్రెల దొడ్డి ఊడుస్తూ, నా మొహం చూడకుండా చెప్పాడు. అయిదు లీటర్ల క్యానుకు వాడు తన బిళ్లలే వేసి నీళ్లు పడుతున్నాడట. నువ్వు నమాజు నుంచి వచ్చి, "నలభై రెండు గొర్రెలు, నువ్వొకడివి, మొత్తం నలభై మూడు! లెక్క సరిపోయింది! చచ్చిపోయినాయన నీళ్లు గొర్రెలకు పోస్తాండావు గదరా!" అన్నావట. సంతకు వచ్చిన నలుగురూ చూశారట. వాడి మేకపోతును బేరమాడుతున్న మనిషి తాడు వదిలేసి పోయాడట. నలభై రెండు గొర్రెల సంగతి నీకు చెప్పింది నేను. ఊరికే అడిగావని చెప్పాను.

వాడు వారానికి ఒక్క రోజు వస్తాడు. మిగిలిన ఆరు రోజులు నీ నీళ్లు తాగిన గొర్రెలు ఎవరివి? చింతపిక్కలు లెక్కపెట్టినదానివి రోజులు లెక్కపెట్టలేకపోయావా?

వాడు చెప్పింది విన్నాక నాకు ఒళ్లు మండి ఊరుకోలేకపోయాను. ఇక్కడ బస్టాండు దగ్గరా అదే కంపెనీ మిషను ఉంది, అదే నీలం డబ్బా. నా మనవరాలు గీతాంజలిని వెంటబెట్టుకుని పోయి, కొత్త కార్డు తీసుకుని పది రూపాయలు వేయించాను. ఒక్క లీటరు పట్టాను. ఎనిమిది చూపించింది. ఇంకొకటి పట్టాను. ఆరు. అయిదు సీసాలకు పది రూపాయలు అయిపోయాయి. నా పక్కన మనిషీ లేడు, గొర్రే లేదు. గీతాంజలి ఫోనుకు ప్రతిసారీ మెసేజీ వచ్చింది, నీళ్లకు ఒక రూపాయి, సేవా రుసుము ఒక రూపాయి అని. బిళ్ల వేస్తే ఈ రుసుము లేదు. కార్డుకే. మిషను చుట్టూ తిరిగి చూశాం, ఎక్కడా రాయలేదు.

నీ దొంగ దొరికాడు. నీ ఎదురుగానే నిలబడి ఉన్నాడు.

నీ కార్డు మెసేజీలు ఎవరి ఫోనుకు పోతున్నాయో చూసుకో.

పెద్దసుబ్బమ్మ


ప్రొద్దుటూరు,
ఏప్రిల్ 29.

సుబ్బమ్మక్కా,

గారు అన్నావు, పడతాను. ఇంకేమన్నా పడతాను. తోబా తోబా, ఈ నోరు పడిపోయినా బాగుండేది. చెవులకు బదులు నోరు పోవలసింది.

నువ్వు రాసినట్టే ఫోను సంగతి చూశాను. ఆ కార్డుకు నేను ఆయన నంబరు ఇచ్చాను. ఆయన ఫోను ఇంకా బీరువాలోనే ఉంది. నెలనెలా రీచార్జి వేయిస్తున్నాను, రోజూ చార్జింగు పెడుతున్నాను. ఎందుకంటే ఏం చెప్పను, నంబరు వేరేవాళ్లకు పోతే మనిషే వేరేవాళ్లకు పోయినట్టు అనిపించింది. మోగితే నాకు వినపడదు. తీసి షరీఫ్‌కు ఇచ్చాను. వెయ్యి మెసేజీలున్నాయక్కా. అన్నీ ఇంగ్లీషులో. షరీఫ్ తెలుగులో చెప్పుకుంటూ పోయాడు. "ప్రియమైన వలి బాషా గారూ, మీరు ఒక లీటరు నీళ్లు తీసుకున్నారు." మళ్లీ, "ప్రియమైన వలి బాషా గారూ, మీరు ఒక లీటరు నీళ్లు తీసుకున్నారు." ప్రతి దాని కిందా ఆ రూపాయి రుసుము. ఇరవై దాకా చదివి షరీఫ్ నా మొహం చూసి ఆపేశాడు.

నీకు ఒకటి చెప్పలేదు. ఎవరికీ చెప్పలేదు. కిడ్నీలు పోయాక ఆయనకు రోజుకు అర లీటరు మించి నీళ్లు ఇవ్వకూడదని డాక్టరు అన్నాడు. చిలమకూరు సిమెంటు ఫ్యాక్టరీలో ముప్పై ఏళ్లు దుమ్ములో పనిచేసిన మనిషి, పూటకు చెంబెడు తాగే మనిషి. చివరి నెలంతా అడిగాడు. నేను చెంబు బియ్యం డబ్బాలో దాచాను. పోయిన రోజు పొద్దున కూడా అడిగాడు. "ఇప్పుడే గదా తాగినారు" అని అబద్ధం చెప్పాను. ఆ రెండు వేలు ఎందుకో, సగం పోయిందంటే నేనెందుకు పిచ్చిదాన్నయ్యానో ఇప్పుడు నీకు తెలిసింది. బాలన్నకు ఇది చెప్పవద్దు. చెబితే నా తప్పును చిన్నది చేసినట్టవుతుంది.

ఆ వెయ్యి నేను వదలను. నాకోసం కాదు, ఆయన నీళ్లవి. కంపెనీ ఆఫీసు పులివెందులలో ఉందన్నారు. మొన్న బస్సెక్కి పోయాను. ఆడవాళ్లకు టికెట్టు లేదు గాబట్టి దుడ్లు కాలేదు, ప్రాణమే కాలింది. అక్కడి మేనేజరు మెడలో గుర్తింపు కార్డు పట్టా వేసుకుని ఉన్నాడు. నాకు వినపడాలని ఆయన అరిచాడు, ఆయన అరిచాడని నేను అరిచాను. ఆఫీసంతా మా వైపే చూసింది.

"అది సేవా రుసుమమ్మా. కార్డుకు ఉంటాది. మా వెబ్‌సైటులో రాసినాం."

"దప్పిగొన్నోడు వెబ్‌సైటు చదివి తాగుతాడా అప్పా? మిషను మీద రాయొచ్చు గదా?"

"మిషను మీద జాగా లేదమ్మా."

జాగా లేదట! మిషనుకు ఒక పక్కంతా గ్లాసు పట్టుకుని నవ్వే ఆడపిల్ల బొమ్మ నిలువెత్తున ఉంది. ఆ పిల్ల పళ్ల మీద రాసినా పట్టేది.

"సరే, కార్డు ఎవరి పేరున ఉందో ఆయన వచ్చి సంతకం పెట్టాల. వలి బాషా ఎవరు?"

"మా ఇంటాయన."

"పిల్చకరా."

"రాలేడప్పా."

"ఊర్లో లేడా? ఎప్పుడొస్తాడు?"

"ఆయన రాడు. మనమే పోవాల."

అప్పుడు గాని అర్థం కాలేదు ఆయనకు. మరణ ధ్రువపత్రం కావాలన్నాడు. నేను అన్నిటికీ సిద్ధంగా పోయాను కదా, సంచిలోంచి తీసి ఇచ్చాను. ఆయన దాన్ని చూశాడు, కంప్యూటరు చూశాడు, నన్ను చూశాడు.

"పోయింది డిసెంబరు పదకొండు. కార్డు తీసుకునింది మార్చి ఇరవై నాలుగు. చచ్చిపోయినాయన మూడు నెలలకు లేచొచ్చి కార్డు తీసుకున్నాడా? ఇది శానా పెద్ద కేసు అవుతాది అవ్వా, తెలుసునా?"

నా పేరున తీసుకుంటే సవాబు నాకే వస్తుందేమో, ఆయనకు చేరదేమోనని ఆయన ఆధారు కాగితం ఇచ్చి ఆయన పేరే రాయించాను. నీళ్లు వేరే విలాసానికి పోకూడదని. అందులో తప్పేముంది? కేసు అనేసరికి పత్రం లాక్కుని బయటపడ్డాను. వీధిలో ఖాకీ చొక్కా కనిపిస్తే నా కోసమేనని అనిపిస్తోంది. నిన్న కరెంటు మీటరు చూసే ఆయన వచ్చినా తలుపు గడియ వేసుకున్నాను.

అక్కా, బాలన్నతో ఒక్క మాట చెప్పు. ఏమని చెప్పాలో నాకు తెలియడం లేదు. నువ్వే ఏదో ఒకటి చెప్పు.

జైబున్నీసా


జమ్మలమడుగు,
మే 6.

జైబూ,

నీ ఉత్తరం రెండుసార్లు చదివాను. చెంబు సంగతి బాలన్నకు చెప్పలేదు. నేనయినా డాక్టరు మాటే వినేదాన్ని. దాని గురించి ఇంక రాయవద్దు, ఎప్పుడైనా వచ్చినప్పుడు నా పక్కన కూర్చుని చెప్పుకో.

మిగతాదానికి మాత్రం నిన్ను నాలుగు తన్నాలి. చనిపోయిన మనిషి పేరున సర్కారు కాగితం చూపించి కార్డు తీసుకునేది ప్రొద్దుటూరు మొత్తంలో నువ్వొక్కదానివే. పోలీసులు రారు. వెయ్యి రూపాయల నీళ్ల కోసం ఏ పోలీసూ రాడు, వస్తే మిషను దగ్గర దాహం తీర్చుకుని పోతాడు.

గీతాంజలి వినియోగదారుల హెల్ప్‌లైనుకు ఫోను చేసింది. 1915 అట. అక్కడి అమ్మాయి ఓపికగా విన్నదట. ఇది చెప్పకుండా వసూలు చేసినట్టే, ఫిర్యాదు తీసుకుంటాం అన్నదట. కార్డు రసీదు పోయినాయన పేరున ఉన్నా ఫరవాలేదు, డబ్బు పెట్టినవాళ్ల అనుమతితో ఆ నీళ్లు వాడుకున్న మనిషి కూడా వినియోగదారుడే, ఆ మనిషి పేరున ఫిర్యాదు పెట్టండి అన్నదట. అంటే ఆ కార్డు మీద నీళ్లు తాగిన మనిషి కావాలి. నువ్వు తాగావా?

తాగి ఉండవు. నాకు తెలుసు.

అందుకని బాలన్నను అడిగాను. వాడు ఏమన్నాడో వాడి మాటల్లోనే రాస్తున్నాను. "ఆ కార్డులో నేను తాగినానని సంతకం పెడితే, దొంగతనం ఒప్పుకున్నట్టే గదక్కా? ఊరంతా ఏమంటాది? సూడు, వాడే రాసిచ్చినాడు అంటాది." నువ్వు దొంగ అన్న రోజు నుంచి వాడు ప్రొద్దుటూరులో చుక్క నీళ్లు తాగడం లేదు జైబూ. ఇంటి నుంచి ఒక సీసా పట్టుకుపోతాడు, పదకొండుకల్లా అయిపోతుంది. సాయంత్రం వచ్చి తొట్టి దగ్గర తల పెడతాడు, గొర్రెల మాదిరే. అంగడిలో కొనుక్కోరా అంటే, "ఆ ఊరి నీళ్లు వద్దు" అంటాడు.

వాడి షరతు ఒకటే. "నన్ను అన్న చోటనే, అన్నంత గట్టిగా, కాదని జైబక్క చెప్పాల. ఉత్తరంలో వద్దు. నాకు చదవడం రాదు, సంతోళ్లకూ రాదు."

ఇది నీకూ వాడికీ మధ్య. నేను మధ్యలో పోస్టుమ్యాను మాత్రమే.

సుబ్బమ్మ


ప్రొద్దుటూరు,
మే 22.

సుబ్బమ్మక్కా,

తాగినవాళ్ల కోసం ముందు నేను వేరేవాళ్లను అడిగి చూశాను. నిజం చెబుతున్నాను, సిగ్గుకు తప్పించుకుందామనే. షరీఫ్ ఇంటి నుంచి తెచ్చుకున్న నీళ్లే తాగుతాడు. పూలమ్మే ఆమె, "రూపాయి కోసం పులివెందులకు ఎవరొస్తారు ఖాలా" అన్నది. ఒక ఆటో ఆయన నేను నీళ్ల బాకీ అడుగుతున్నానని అనుకుని బండి తీసుకుని పారిపోయాడు.

పోయిన వారం మెట్టు దాకా పోయి, బాలన్న కనిపించగానే తిరిగి వచ్చాను. నిన్న పోయాను. షరీఫ్ అంగడి పై మెట్టు ఎక్కి నిలబడ్డాను. పడితే నడుము విరుగుతుందని అదొక భయం. "అందరూ వినండి! బాలన్న నీళ్లు దొంగిలించలేదు! నోటికొచ్చినట్టు అనింది నేను! సగం నీళ్లు మింగింది ఈ డబ్బా!" అన్నాను. చెవులు లేవు కదా, ఎంత గట్టిగా వచ్చిందో నాకు తెలియదు. బస్టాండు దాకా పోయిందని షరీఫ్ చెప్పాడు. ఇద్దరు ముగ్గురు నేనేదో అమ్ముతున్నానని దగ్గరికి వచ్చారు. ఒకడు "ఏం అవ్వా, ఎంత?" అన్నాడు. నేను ఏడుస్తూ మళ్లీ మొదటి నుంచి చెప్పాను. వద్దన్నా మూడోసారి చెప్పాను, ఆ రోజు మేకపోతును బేరమాడిన మనిషి కూడా ఆ గుంపులో ఉన్నాడేమోనని.

బాలన్న పొట్టేలు తాడు పట్టుకుని వింటూ నిలబడ్డాడు. ఏదో అన్నాడు. నాకు వినపడలేదు. షరీఫ్‌ను అడిగితే, "వస్తానంటాండాడు" అని మాత్రం చెప్పాడు.

నేను నా రూపాయి వేసి గ్లాసు నింపి ఇచ్చాను. తల అడ్డంగా ఊపాడు. పెదవులు తెల్లగా ఎండిపోయి ఉన్నాయి, అయినా ఊపాడు. గ్లాసు చేతిలోనే పెట్టుకుని నిలబడిపోయాను, చివరికి పొట్టేలు మూతి పెట్టింది.

మంగళవారం పులివెందులకు పోతున్నాం. ఆయన ఫోను పట్టుకొస్తాను. బస్సు తప్పితే ఏం చేయాలి? గీతాంజలి రాసిన ఫిర్యాదు కాగితం రెండు నకళ్లు తీయించాను, ఒకటి తడిసినా ఇంకొకటి ఉంటుందని.

జైబున్నీసా


జమ్మలమడుగు,
జూన్ 5.

జైబూ,

పులివెందులలో అందరూ ఎందుకు నవ్వారు, బాలన్న ఏమన్నాడు అని పోస్టుకార్డు ముక్క రాశావు. పక్కనే కూర్చుని ఉండి నన్ను అడుగుతున్నావు! సరే, నీ చెవులకు నేను మాట మోస్తాను. వాడు చెప్పినంత రాస్తున్నాను.

మేనేజరు అడిగాడట, "నువ్వు ఈ అవ్వకు ఏమైతావు?"

"ఈమె నీళ్లు దొంగిలించినోణ్ణి సార్."

"ఏందీ?"

"అట్లని ఈమే సంతలో చెప్పింది. నేను వారానికి ఒక లీటరు లెక్కన తాగినా. ఆ ఫోనులో ఉంటాది సూడండి, గురువారం గురువారం. నా దొంగతనం నేను ఒప్పుకున్నా. మిగతా సగం తాగినోడు ఎవరో ఆయన కూడా ఒప్పుకుంటే ఇద్దరం కలిసి స్టేషనుకు పోతాం."

అప్పుడు నవ్వారట అందరూ. మేనేజరు కూడా మొహం తిప్పుకున్నాడట. హెల్ప్‌లైను నుంచి వాళ్లకు అంతకుముందే ఫోను వచ్చి ఉందిలే. కసిరే ఓపిక ఆయనకు లేదు. "వెయ్యి రూపాయలు తిరిగి ఇస్తాం, కార్డులో వేస్తాం" అన్నాడట.

"కార్డులో వేస్తే మళ్లా సగం మీరే తాగుతారు. చెక్కు ఇయ్యండి సార్."

చెక్కు ఎవరి పేరున రాయాలని ఇంకొక గంట. బాషా పేరున కుదరదు, ఆయన లేడు. నీ పేరున కుదరదు, కార్డు నీది కాదు. ఫిర్యాదు పెట్టినవాడి పేరునే రాస్తామన్నారట. ఆ మాట నీకు వినపడలేదు, నీకు చెప్పే ధైర్యం వాడికీ లేకపోయింది. మొన్న పోస్టులో వచ్చింది. వెయ్యి రూపాయలు, బాలన్న పేరున.

ఇప్పుడు నీ మొహం నాకు కనిపిస్తోంది.

వాడు చెక్కును మడిచి తలగుడ్డలో పెట్టుకున్నాడు. ఏం చేస్తావురా అంటే కర్ర తీసుకుని గొర్రెల వెంట పోయాడు. నేను మళ్లీ అడగలేదు. నువ్వు కూడా అడగవద్దు. ఉత్తరంలో వద్దు, షరీఫ్ చేత ఫోనులో వద్దు, గొర్రెలు ఎన్ని ఉన్నాయని అసలే వద్దు. ఈసారి అడిగావంటే నేను గారు అని రాయడం కూడా మానేస్తాను.

సుబ్బమ్మ


ప్రొద్దుటూరు,
జూలై 3.

సుబ్బమ్మక్కా,

నేను అడగలేదు. నాలుగు గురువారాలు అడగలేదు. చెక్కు చెమటకు తడిసిపోయిందేమో, బ్యాంకులో పేరు తప్పు పడిందేమో, ఒక్కోసారి, నీకు అబద్ధం చెప్పను, ఒక పొట్టేలు కొన్నాడేమో అని కూడా అనుకున్నాను. అనుకుని నా చెంప నేనే వాయించుకున్నాను. అయినా అడగలేదు. బాలన్న వచ్చేవాడు, పోయేవాడు. తల ఊపేవాడు. నేనూ ఊపేదాన్ని.

ఈలోగా కంపెనీవాళ్లు మిషను మీద ఒక కాగితం అంటించారు. 'కార్డుకు లీటరుకు ఒక రూపాయి అదనం' అని. ఎక్కడ అంటించారనుకున్నావు? కింద, మోకాలి ఎత్తున. చదవాలంటే నమాజులో సజ్దా చేసినట్టు వంగాలి. రుసుము తీసేయలేదు, చెప్పి తీసుకుంటున్నారు, అంతే. ఇంత తిరిగింది దీనికా అని ఒళ్లు మండి మళ్లీ పులివెందుల బస్సెక్కబోతే షరీఫ్ చెయ్యి పట్టుకుని ఆపాడు.

నిన్న బాలన్న ఒక గుడ్డసంచి తెచ్చి మెట్టు మీద వేశాడు. ఆ చప్పుడు నాకు కూడా వినపడింది. అన్నీ రూపాయి బిళ్లలు. నా చెవి దగ్గర నోరు పెట్టి అరిచాడు.

"వెయ్యి ఉండాయి. బ్యాంకులో ఇవి ఎవరూ తీసుకోరంట. దండం పెట్టి ఇచ్చినారు. బిళ్లకు రుసుము లే గదా అక్కా, కార్డుకే గదా. ఇంక కార్డు వద్దు."

ఒక డబ్బాకు తీగ కట్టి, మిషను పక్కన కొక్కేనికి తగిలించి, గుప్పెడు బిళ్లలు పోశాడు. మూత లేదు.

"మూత ఏదప్పా? బజారులో దుడ్లు ఇట్లా తెరిచి పెడతారా? దప్పి లేనోడు కూడా తీసుకుపోతాడు గదా!"

"పోనీ."

"టీకి తీసుకుంటాడు. బీడీకి తీసుకుంటాడు."

"తీసుకోనీ అక్కా. వాని అవసరం వానిది. బావ పేరున ఒకడు టీ తాగితే బావకేమన్నా నష్టమా?"

"నువ్వు తీసుకున్నా నేనేమీ అననప్పా" అన్నాను. నోట్లోంచి వచ్చాక గాని ఆ మాట ఎంత వంకరగా ఉందో తెలియలేదు. చచ్చాననుకున్నాను. బాలన్న నన్ను చూశాడు, షరీఫ్‌ను చూశాడు, పెద్దగా నవ్వాడు.

"తీసుకుంటా సూడు" అన్నాడు. డబ్బాలోంచి ఒక బిళ్ల తీసి మిషనులో వేశాడు. గ్లాసు పట్టి గటగటా తాగాడు. సగం గొంతులోకి, సగం చొక్కా మీదికి. ఇంకొకటి తీసి వేసి మళ్లీ తాగాడు. ఏప్రిల్ నుంచి ఇన్ని గురువారాల దప్పి కదా అక్కా. మూడో గ్లాసు నేనే పట్టి ఇచ్చాను. తీసుకున్నాడు.

బాలన్న మూతి తుడుచుకుని గొర్రెల వైపు పోయాక, ఎవరో ఎర్రచొక్కా మనిషి వచ్చాడు. డబ్బాలో చెయ్యి పెట్టి రెండు బిళ్లలు తీశాడు. ఒకటి మిషనులో వేసి నీళ్లు తాగాడు. రెండోది జేబులో వేసుకున్నాడు. నేను కళ్లారా చూశాను. మూడు అడుగుల దూరం, ఎండ వెలుతురు, పొరపాటు పడే వీలే లేదు.

నోరు తెరిచాను.

మళ్లీ మూసుకున్నాను. ఎంత కష్టమయిందో నీకు కాక ఎవరికి చెప్పుకోను.

నీ
జైబూ